పేరు పెట్టని నర్సు

మా నాటకం మేడమ్ పోయిందని జగిత్యాల మేస్త్రీ వాయిస్ మెసేజ్ పెట్టాడు. "సార్, మేడమ్ పాణం ఇడిసిందట. వాళ్ల దేశంలనే. గామె బిడ్డ నాకు ఫోన్ జేసింది." దుబాయ్ కరామాలో బస్సు కోసం నిలబడి విన్నాను. ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. ఆవిడతో నా పోట్లాట ఇంకా తెగలేదు మరి.

పోయినవాళ్ల గురించి మంచే చెప్పాలంటారు. ఎవరు పెట్టారీ రూలు? మంచి చెబుతాను, కానీ అక్కడితో ఆగను.

ఆవిడ స్కాట్లాండ్ మనిషి. నలభై ఏళ్లు సినిమాల్లో, టీవీలో చిన్న పాత్రలు వేసింది. నర్సు, వంటమనిషి, జైలు వార్డరు. దుబాయ్‌లో మెట్రో కొత్తగా నడుస్తున్న రోజుల్లో కూతురి దగ్గరికి వచ్చి ఉండిపోయింది. తన పాత సినిమాలు మాకు చూపిస్తూ, "రెప్ప వెయ్యకండి, వేసేలోగా నేను వెళ్లిపోతాను" అనేది. నిజమే. ట్రే పట్టుకుని వచ్చేది, తలుపు మూసి వెళ్లేది, అంతే.

అయినా ఆ ట్రే మోసే మనిషికి ఒక పేరుండేది. స్క్రిప్టులో 'పనిమనిషి' అని ఉన్నచోట ఆవిడ పెన్సిలుతో పేరు రాసుకునేది. ఊరు, ఏ మోకాలు నొప్పో కూడా. "టీ తాగే దొరసాని గురించి అందరూ ఆలోచిస్తారు. టీ మోసేదాని గురించి నువ్వు ఆలోచించు" అనేది. ఇంత సూటి రాజకీయ పాఠం నేను ఏ మీటింగులోనూ వినలేదు.

అల్ ఖూజ్‌లో ఒక ఖాళీ గోదాములో శుక్రవారాలు మాకు నాటకం నేర్పింది. నాది ఆఫీసు ఉద్యోగం. మిగతా ఆరుగురూ క్యాంపులో ఉండే కూలీలు, మేస్త్రీలు. వీసా ఇచ్చిన యజమాని, అదే కఫీల్, పాస్‌పోర్టు ఇవ్వక, తల్లి చావుకు వెళ్లలేకపోయిన మనిషి గురించి మా నాటకం. అది ఈ మేస్త్రీ సొంత కథే. ఎవరికీ చెప్పనిది ఆవిడకు చెప్పాడు.

ప్రదర్శన వారం ఉందనగా, మేస్త్రీ వాళ్ల కంపెనీ బస్సులో ప్రచార చిత్రం ఒకటి వేశారు. తళతళలాడే క్యాంపు, నవ్వే కూలీలు, మధ్యలో తెల్లకోటు నర్సు. "మీరంతా మా కుటుంబమే" అంటోంది. మేడమే!

"గా మేడమ్‌కు నన్ను గన్న అవ్వ ముచ్చట జెప్పిన గద సార్," అన్నాడు మేస్త్రీ. "అన్నీ ఎరికుండి గట్లెట్ల నవ్వింది?"

వెళ్లి అడిగాను. అడగడమేమిటి, అరిచాను.

"పని వచ్చింది, చేశాను. నటిని" అంది.

"ఆ నర్సుకి ఏం పేరు పెట్టారు?"

"దానికి పెట్టలేదు" అంది.

అంటే తెలిసే చేసిందన్నమాట! తెలియక చేసుంటే క్షమించేవాణ్ణి. వయసు మళ్లిన నటికి పని దొరకడం కష్టమని నాకు చాలామంది నచ్చజెప్పారు. సరే, బస్సులో ఆ నవ్వు చూసి తల దించుకున్నవాడికి ఎవరు నచ్చజెబుతారు? నాటకం ఖలాస్. మేస్త్రీ ఆ కథ మళ్లీ ఎవరి ముందూ విప్పలేదు.

తరువాతి శుక్రవారం డేరా బజారు నుంచి క్యాంపు బస్సులో అతనితో పాటు నేనూ వస్తున్నాను. క్యాంపు గేటు దగ్గర బస్సు ఆగింది. బయట రోడ్డు పక్కన ఆవిడ.

"దిగుదమా సార్? గింత ఎండల నిలవడ్డది."

"అక్కర్లేదు" అన్నాను. మేడమ్ చేసినదానికి దెబ్బ తగిలింది అతనికి. అక్కర్లేదన్నది మాత్రం నేను.

గేటు తెరుచుకుంది. మేస్త్రీ కిటికీ అద్దం మీద అరచెయ్యి ఆనించి ఉంచాడు. ఆవిడ దుమ్ములో, కళ్లకు చెయ్యి అడ్డుపెట్టుకుని, కదిలే బస్సులో ఒక్కో కిటికీనీ వెతుకుతోంది.