పలక వెనక ముఖం

మార్కాపురంలో రాధాకృష్ణమూర్తిని అందరూ దొర అంటారు. ఇరవై ఏళ్ల వయసులో, పలకల గనుల మీద సినిమా తీయడానికి వచ్చిన ఒక ఇంగ్లండు దర్శకుడి వెంట ఆరు రోజులు కెమెరా స్టాండు మోశాడు. ఆయన దెయ్యాల కథలు, యుద్ధం సినిమాలు, పిల్లల సినిమాలు అన్నీ తీశాడని ఎవరో చెబితే నోరు తెరుచుకుని విన్నాడు. ఆ తర్వాత కిరాణా దుకాణం తమ్ముడికి వదిలేసి వీడియో కెమెరా కొన్నాడు. పెళ్లిళ్లు, తిరునాళ్లు, కరువు మీద డాక్యుమెంటరీ, తోడికోడళ్ల హాస్యకథ, దేన్నీ వదల్లేదు.

షాటుకు ముందు సీను నంబరు పలక మీద రాసి కెమెరా ముందు పట్టాలని ఆ దర్శకుడి దగ్గరే నేర్చుకున్నాడు. పట్టే పని భార్య కోటిరత్నానిది. ఎడిటింగులో ఆ ముక్క కోసేసేవాడు. పనైపోయిన టేపు మీదే ఇంకో పెళ్లి ఎక్కించేవాడు.

కోటిరత్నం పోయి పదిహేడేళ్లు. అప్పటికి కూతురు వర్షిణికి రెండేళ్లు. "అమ్మ గొంతు ఎట్ల ఉండేది నాయనా?" అని ఆ పిల్ల మొన్న అడిగినప్పటి నుంచి అతనికి అన్నం సయించడం లేదు. ఫొటోలున్నాయి గానీ అవి మాట్లాడవు. యర్రగొండపాలెం నుంచి గిద్దలూరు దాకా ఇల్లిల్లూ తిరిగి పాత పెళ్లి క్యాసెట్లు చూశాడు. వంటవాళ్లతో సహా అందరూ ఉన్నారు. ఆమె ఒక్కతే లేదు. చివరికి అటక మీద, పలకల గనుల మీద తను మొదలుపెట్టి మధ్యలో ఆపేసిన సినిమా టేపు దొరికింది. ఎడిట్ చేయనిది. నిండా బూజు.

పొదిలిలో రిపేర్లు చేసే కృష్ణయ్య దగ్గర ఇంకా పాత ప్లేయరు ఉంది. టేపును వెలుతురులో పెట్టి చూశాడు.

"ఈ బూజుకు మిషనుకు కూడా దగ్గు వస్తాది మామా. ఒక్కసారి ఆడితే గొప్ప. తర్వాత నన్ను తిట్టొద్దు."

"పెట్టు."

వర్షిణి రికార్డు చేయడానికి టీవీకి ఎదురుగా ఫోను పట్టుకుంది. తెర నిండా గీతలు. గీతల్లోంచి పలక, దాని అంచున నాలుగు వేళ్లు.

"సీన్ ఏడు, టేక్ రెండు."

వర్షిణి ఫోను టీవీకి ఇంకా దగ్గరగా జరిపింది. వెంటనే ఇంకో గొంతు, కసురుతూ. రాధాకృష్ణమూర్తిదే.

"పైకెత్తు. నీ ముఖం పడుతుండాది."

"పడితే ఏందంట? నేనేమన్నా దొంగనా?"

పలక కిందికి జారింది. నుదురు, బొట్టు, ఒక కన్ను. అంతలోనే ప్లేయరు కరకరమంది. కృష్ణయ్య మూత తీసేసరికి టేపు నలిగి, మీది పొర పొడిలా రాలిపోయింది. అతను తల అడ్డంగా ఊపాడు.

"ఫోన్లో వచ్చింది నాయనా," అంది వర్షిణి. మూడుసార్లు వినిపించింది. నాలుగోసారి రాధాకృష్ణమూర్తి ఆమె మణికట్టు పట్టుకున్నాడు.

"ముందర నా మాట కోసెయ్ అమ్మా."

"అది కోసేస్తే అమ్మ ఎవరికి జవాబు చెప్తున్నట్టు నాయనా?"

ముప్పై ఏళ్లు కోసిన చేతులు. ఎక్కడ కోయాలో అతనికి తోచలేదు. వర్షిణి మళ్లీ నొక్కింది.

"పైకెత్తు," అన్నాడు ఫోన్లోంచి.