నూనె మరక ఉన్న గోడ

కార్తీకమాసం మొదటి సోమవారం, ఉదయం ఏడుంపావుకు ఆ ఇంటి తలుపు తీశాను. గోడ తెల్లగా ఉంది.

ఇబ్రహీంపట్నం చెరువు దగ్గర, చేపలు పట్టేవాళ్ల ఇల్లు అది. అప్పట్లో నేను చిన్న సినిమాలకు ఆర్ట్ డైరెక్టర్‌ని. ముప్పై ఒక్క ఏళ్లలో పదకొండు సినిమాలు చేశాను, నాలుగే విడుదలయ్యాయి. సెట్లు వేసే స్తోమత ఉండేది కాదు కాబట్టి మనుషులు బతుకుతున్న ఇళ్లనే అడిగి తీసుకునేవాళ్లం. ముందు ప్రతి గోడనూ ఫోటో తీసేదాన్ని. పనయ్యాక, ఇల్లు ఎలా తీసుకున్నానో అలాగే అప్పజెప్పేదాన్ని.

ఈ ఇంటిని ఎంచుకున్నది ఆ గోడ కోసమే. ఇంటామె భర్త పోయి రెండేళ్లయింది. అతను ఆ గోడకు తల ఆనించి కూర్చుని వలలు బాగుచేసుకునేవాడట. కొబ్బరినూనె ఇంకి ఇంకి అరచేయంత నల్లటి మరక పడింది. ఇల్లు చూడడానికి పోయినప్పుడు ఆమె దాని మీద చెయ్యి పెట్టి, "గిది మాత్రం ముట్టకుండ్రి, అమ్మా" అంది. ముట్టనని మాటిచ్చాను.

షూటింగ్‌కు రెండు రోజుల ముందు ఆమె కందుకూరులో చెల్లెలింటికి పోయింది. మాకివ్వమని తాళంచెవి మరిదికిచ్చింది.

"ఏంది బిడ్డా గిది?" అని అతన్ని అడిగాను.

"సున్నం గొట్టిన. సినిమోల్లు వస్తుంటే మురికి గోడ చూపిస్తమా? మా ఇజ్జత్ ఏం గావాలె?"

"మరి ఆ మరక?"

"నూనె మీద సున్నం పడ్తదా? మంచిగ గోకినంకనే కొట్టిన. పైసలేం ఇయ్యకు, ఫికర్ చెయ్యకు."

"పెండ్లి అనుకున్నవా అన్నా?" అన్నాడు కెమెరామన్. మరిది కూడా నవ్వాడు.

ఆ ఇంట్లో షూటింగ్ ఆ ఒక్కరోజే. పొయ్యి మసి, ఆముదం, టీ డికాషన్ కలిపి గోడనంతా పాతగా చేశాను. ఫోటో పక్కన పెట్టుకుని మరకను చివర్లో వేశాను. డైరెక్టర్ కెమెరాలో చూసి, అసలు దానికంటే బాగుందన్నాడు.

ఆమె మధ్యాహ్నం రెండింటికి వచ్చింది. అలవాటుగా గోడ దగ్గరకు పోయి మరక మీద చెయ్యి పెట్టింది. వేళ్లు ముక్కు దగ్గర పెట్టుకుంది.

"ఆముదం" అంది.

జరిగింది చెప్పాను. మరిది బయటికి పోయాడు.

"కొబ్బరినూనెతోనే మళ్ల వేస్త, బిడ్డా. తేడా ఉండదు."

"మస్తు చేసినవ్ అమ్మా. వాసన లేకుంటే నాకు సుత ఎర్క కాకపోతుండె. మీ పని కాంగనే తుడిచెయ్యి. లేకుంటే రోజు గిదే ముట్టుకుంట."

సాయంత్రం ఆరింటికి మరకను గోకేసి, గోడకంతా నేనే సున్నం పూశాను. తీసిన ఫోటో ఇవ్వబోతే ఆమె వద్దంది. పైసల్లేక ఆ సినిమా సగంలో ఆగిపోయింది. దాని తర్వాత నేను ఇంకొకటి ఒప్పుకోలేదు.

పోయినవి ఇవి: అరచేయంత మరక ఒకటి, ఇచ్చిన మాట ఒకటి, సినిమా ఒకటి.