నా పేరు మెర్సీ కాదు

నా చిన్నప్పుడు నేను అమ్మకానికి పెట్టిన మొదటి సరుకు నా పేరు. అది అమ్ముడుపోలేదు. బర్ దుబాయ్‌లో ఇన్నేళ్ళుగా గుడ్డల కొట్టు నడుపుతున్నాను. వెలిసిన రంగును కూడా ఈ ఏటి ఫ్యాషన్ అని చెప్పి అంటగట్టగలను. అలాంటి వాణ్ణి ఆ ఒక్క బేరంలో మాత్రం ఓడిపోయాను.

నా పేరు మెర్సర్. నిన్నగాక మొన్న కూడా డెలివరీ కుర్రాడు ఫోన్ చేసి "మెర్సీ మేడమ్ ఉన్నారా" అని అడిగాడు. నేనే మేడమ్‌ని, పైకి రా అన్నాను. మా అమ్మాయి ఇప్పుడు కడుపుతో ఉంది. ఫోన్‌లో మగపిల్లల పేర్లు వెతుకుతూ, అరుదైన ఇంగ్లీషు పేర్ల జాబితాలో నీ పేరుంది నాన్నా అని తెచ్చి చూపించింది. పక్కనే అర్థం కూడా రాసి ఉంది. ఆ అర్థం కోసం పదేళ్ళ వయసులో నేను ఒక పూటంతా వీధి వెంట తిరిగాను. ఆ పూట సంగతి తనకు చెబుదామని నోరు తెరిచాను గాని ఎక్కడ మొదలుపెట్టాలో తెలియలేదు. అందుకే రాస్తున్నాను.

మాది గోదావరి వైపు. మా నాన్న ఇక్కడ ఒక సింధీ సేఠ్ గారి టైలరింగ్ కొట్లో కటింగ్ మాస్టర్. అమ్మ రెండిళ్ళలో పని చేసేది. కొట్టు వెనక ఒక గది ఉండేది, అందులో మేం ముగ్గురం. బడి లేనప్పుడు నా కాలమంతా కొట్ల మధ్యే గడిచేది. ఎక్కాల కంటే ముందు నాకు వచ్చిన చదువు ఏమిటంటే, కొట్టువాడు 'ఇదే ఆఖరి మాట' అంటే దాని వెనక ఇంకా రెండు మాటలు ఉంటాయని.

వీధిలో నన్ను అందరూ మెర్సీ అనేవారు. మా వైపు క్రైస్తవుల ఇళ్ళలో అది ఆడపిల్లల పేరు, వాడకో మెర్సీ ఉంటుంది. కేరళవాళ్ళలోనూ అంతేనట. మలుపులో ఉన్న చాయ్ కొట్టు ఆయన నన్ను చూడగానే "రా రా, మెర్సీ చేచీ" అని, అక్కను పిలిచినట్టు పిలిచి నవ్వేవాడు. సరిగ్గా పలికేది అమ్మ ఒక్కతే. చివరి అక్షరం దగ్గర నాలుక కాస్త ఆపి, దారం కొసన ముడి వేసినట్టు పలికేది.

నాకు పదో ఏట, ఎండల్లో అమ్మ పోయింది. నాలుగు రోజుల జ్వరం, ఆసుపత్రి, అంతే. ఇక్కడే మట్టి చేశారు. నేను ఏడవలేదు. చాలాసేపు మఠం వేసుకుని కూర్చుంటే కాలు తిమ్మిరెక్కి, గిల్లినా తెలియదు కదా, నేను ఒళ్ళంతా అలా అయ్యాను. పక్కింటి అక్క అన్నం పెడితే తిన్నాను, పడుకోమంటే పడుకున్నాను. ఆ అక్క ఎవరితోనో "వీడి గుండె రాయండి బాబూ" అనడం విన్నాను. నిజమే కాబోలు అనుకున్నాను.

నాన్న సంగతీ అంతే. మూడు వారాల్లో ఆయన నోటి నుంచి వచ్చినవి కొలతలు మాత్రమే. నలభై. పదహారున్నర. ఇరవై నాలుగు. అవి కూడా కొట్టుకొచ్చినవాళ్ళ కోసం. మా ఇద్దరి మధ్య ఒక్క మాట లేదు. బేరంలో ముందు నోరు తెరిచినవాడు ఓడిపోతాడంటారు. మేం ఏం బేరమాడుతున్నామో తెలియదు గాని, ఇద్దరం అలాగే నోరు కట్టుకుని కూర్చున్నాం.

అమ్మ కోసం పెట్టిన ప్రార్థన కూడికలో ఒక పాస్టరు గారు ఇంగ్లీషులో ప్రార్థన చేశారు. మధ్య మధ్యలో మెర్సీ, మెర్సీ అని ఆరేడుసార్లు అన్నారు. అన్నప్పుడల్లా వెనక వరసలో పిల్లలు నన్ను చూసి మూతులకు చేతులు అడ్డం పెట్టుకున్నారు. అప్పుడు కూడా నాకేమీ అనిపించలేదు. ఈ పేరు వదిలించుకోవాలని మాత్రం తేల్చుకున్నాను, మాసిన చొక్కా విప్పి పడేసినట్టు.

అందుకు అవకాశం కూడా దానంతటదే వచ్చింది. అప్పట్లో చిన్నపిల్లలకు చాలామందికి వేరే పాస్‌పోర్టు ఉండేది కాదు, తల్లి పాస్‌పోర్టులోనే ఒక పంక్తిగా ఉండేవాళ్ళు. అమ్మ పాస్‌పోర్టును రద్దు చేసి, మూల కత్తిరించి ఇచ్చారు. దాంతో పాటు అందులో ఉన్న నా పంక్తీ పోయింది. ఇప్పుడు నాకంటూ వేరే పాస్‌పోర్టు కావాలి. నాన్న ఒక ఖాళీ ఫారం నా చేతిలో పెట్టి ఎదుటి వరసలో, ఆఫీసు ఫారాలు టైపు చేసిపెట్టే టైపింగ్ సెంటర్ వైపు చూపించాడు. రాజు అని పేరు వేయించుకుంటాను అన్నాను. ఆయన కత్తెర ఆపలేదు. తల మాత్రం ఊపాడు. అమ్మ నాకు పెట్టిపోయిన వాటిలో చేతిలో మిగిలింది ఆ పేరొక్కటే అని అప్పుడు మా ఇద్దరికీ తట్టలేదు.

టైపింగ్ సెంటర్ నడిపేది నెల్లూరు నుంచి వచ్చిన ఒక సాయిబు గారు. పిల్లలందరికీ టైపింగ్ మామ. ఆయన బల్ల మీద ఇంగ్లీషు మిషను ఒకటి, అరబ్బీ మిషను ఒకటి, ఆ రెంటి మధ్యా ఇటుకంత డిక్షనరీ ఉండేవి. పని లేనప్పుడు ఆ డిక్షనరీని కథల పుస్తకం చదివినట్టు చదువుకునేవాడు.

"పేరు మార్చాలి మామా. మెర్సర్ తీసేసి రాజు అని కొట్టు," అన్నాను.

మామ కళ్ళద్దాల పైనుంచి చూశాడు. "ఈ సందులో ఇప్పటికే నలుగురు రాజులున్నారబ్బయ్యా. ఏలేదానికి జనమే లేరు. ఐదోవాడివి నువ్వేం చేస్తావు?"

"అదంతా నీకెందుకు? కొడతావా, వేరే సెంటర్‌కి పోనా?"

"కొడతాలే. నాదేం పోయింది," అంటూ ఆయన ఒక తెల్లకాగితం మిషనుకు ఎక్కించి, టకటకా గీతలు కొట్టి, రెండు గళ్ళు తయారుచేశాడు. "పేరు మార్చాలంటే ఈ రెండు గళ్ళూ నింపాల. ఒకటి, పాత పేరుకు అర్థం ఏంది. రెండు, అది నీకు యాడ నుంచి వచ్చింది. ఖాళీగా పెట్టి పంపితే ఆఫీసులో ముదీర్, అదే ఆడుండే పెద్దాఫీసరు, ముద్ర వెయ్యడు, విసిరి కొడతాడు."

నేను ఊరుకునే రకం కాదు. "ఒక గడి నింపితే చాలదా?" అన్నాను.

"ఇదేమన్నా గుడ్డముక్కా, సగం చించి ఇచ్చేదానికి? యల్లా, పో."

వెళ్ళాను. ముందు సేఠ్ గారిని అడిగాను. ఆయన పాన్ నములుతూ ఆలోచించి, అది మెర్క్యురీ అయి ఉంటుంది, అంటే పాదరసం, నీలాగే ఒకచోట నిలవదు అని హిందీలో తీర్పు చెప్పాడు. చాయ్ కొట్టు ఆయనైతే ఆలోచించనే లేదు. "మెర్సిడీస్ కా ఛోటా భాయ్," అన్నాడు. అక్కడున్న డ్రైవర్లు నవ్వారు. కారుకు తమ్ముడైనా పరవాలేదనిపించింది. రెండూ బట్టీపట్టుకుని తిరిగొచ్చాను.

మామ రెండూ శ్రద్ధగా విని, "పాదరసమూ కాదు, కారూ కాదు," అని డిక్షనరీ నా వైపు తిప్పాడు. ఒకచోట వేలు పెట్టి నింపాదిగా చదివాడు. మెర్సర్ అంటే గుడ్డలమ్మేవాడు. ముఖ్యంగా పట్టు, మేలురకం గుడ్డలు.

నాకు నీరసం వచ్చింది. వీరుడనో సింహమనో ఉంటుందనుకున్నాను. ఆ వీధిలో అటు ఇరవై మంది, ఇటు ఇరవై మంది గుడ్డలమ్మేవాళ్ళే. చేపల బజారులో పుట్టినవాడికి చేపలవాడని పేరు పెట్టినట్టుంది.

"ఇదే పేజీలో నీ చెల్లెలు కూడా ఉంది, చూడు," అని మామ కిందికి జరిగాడు. మెర్సీ. "రెండూ ఒక తల్లి బిడ్డలే. పాతకాలం లాటిన్ భాషలో సరుకు అనే మాట ఒకటుంది. ఆ సరుకు అమ్మేవాడు మెర్సర్. ఆ మాటలోనుంచే కూలి అనే మాట కూడా వచ్చిందంట. మనం ఇచ్చిందానికి తిరిగి వచ్చేది. అది చర్చీల్లోకి పోయి, పోగా పోగా దయ అయింది. మనం ఏమీ ఇయ్యకపోయినా దేవుడిచ్చే కూలి. అదీ మెర్సీ. నిన్ను ఎగతాళి చేసేవాళ్ళు ఎంత దూరం పోయినా మీ ఇంట్లోనే తిరుగుతున్నారబ్బయ్యా."

అప్పుడు నాకది సగం కూడా బుర్రకెక్కలేదు. మొదటి గడి నిండింది కదా అని మాత్రం చూసుకున్నాను. రెండో గడికి కూడా డిక్షనరీలో చూడమన్నాను.

"నీకు ఎవరు పెట్టారో, ఎందుకు పెట్టారో దీంట్లో ఎట్టుంటుంది? మీ నాయన్ని అడుగు."

"మా నాన్న మాట్లాడడు," అన్నాను. ఆ సంగతి ఎవరికైనా చెప్పడం అదే మొదటిసారి.

మామ మిషను మీది దుమ్ము తుడిచాడు. "ఆఫీసు పని అని చెప్పు. ఆఫీసు పనికి ఎవరైనా మాట్లాడతారు," అన్నాడు.

కొట్టుకు వెళ్ళి కటింగ్ బల్ల ఇవతల నిలబడ్డాను. బల్ల నా ఛాతీ వరకూ వచ్చేది. "ఫారంలో ఒక గడి ఉంది నాన్నా. నా పేరు ఎక్కడి నుంచి వచ్చిందో రాయాలంట," అన్నాను.

కత్తెర నడుస్తూనే ఉంది. చంక గుండ్రం దాకా వచ్చి ఆగింది. ఆయన బల్ల కింది సొరుగు లాగి, ఒక దారపు రీలు తీసి, గుడ్డ మీద నా ముందు నిలబెట్టాడు. రీలు పైన అతికించిన గుండ్రటి కాగితం మీద ఇంగ్లీషు అక్షరాలు. చదవరా అన్నాడు. చదివాను. మెర్సరైజ్డ్.

"మీ అమ్మ మూడో తరగతిరా. తెలుగే," అన్నాడు నాన్న. మూడు వారాలుగా కొలతలకు తప్ప వాడకపోవడం వల్ల కాబోలు, గొంతు బొంగురుగా ఉంది. "నువ్వు కడుపులో ఉండగా నువ్వు నిలబడ్డచోటే కూర్చుని హుక్కులు కుట్టేది. ఇంగ్లీషు నేర్చుకుంటానని రీళ్ళ మీద అక్షరాలు కూడబలుక్కునేది. తనంతట తాను చదివిన మొదటి మాట ఇది. 'మెర్సర్' దాకా వచ్చి ఆగిపోయింది. ఇదేదో దొర పేరండీ, మగపిల్లాడైతే ఇదే పెడదాం అంది."

"మరి తర్వాత ఉన్న అక్షరాలో?"

"నేనూ అదే అడిగాను." నాన్న రీలును చేతిలోకి తీసుకుని తిప్పాడు. "ఐజ్డ్ అనేది ఆయన ఇంటిపేరు అయ్యుంటాదిలెండి, అది మనకెందుకు, మన ఇంటిపేరు మనకుంది కదా అంది."

ఆయన మూతి ఒక పక్కకు వంకర పోయింది. నవ్వో, మరొకటో తెలియలేదు. నేల మీద, అమ్మ కూర్చునేదన్న చోట కూర్చున్నాడు. నేనూ కూర్చున్నాను. అసలు మెర్సరైజ్డ్ అంటే ఏమిటని అడిగాను. నూలు దారాన్ని కాస్టిక్ సోడా నీళ్ళలో ముంచి బిగదీసి ఉంచుతారనీ, దాంతో మెరుపూ గట్టితనమూ వస్తాయనీ చెప్పాడు. అమ్మకు అది తెలుసా అన్నాను. తర్వాత నేనే చెప్పాను, నవ్విందిరా అన్నాడు. ఎలా నవ్విందని అడిగాను. అది కూడా చెప్పాడు. సేఠ్ గారు గల్లా దగ్గర నుంచి మమ్మల్ని చూసి, చొక్కా కోసం వచ్చినాయన్ని సాయంత్రం రమ్మని పంపేశారు. నాకు ఏడుపు రాలేదు. తిమ్మిరి కూడా వదల్లేదు. కాకపోతే గిల్లితే ఎక్కడో కొంచెం తెలిసింది.

తిరిగి వెళ్ళి మామకు అంతా చెప్పాను. అమ్మ అన్న మాటలతో సహా రెండో గడిలో ఇంగ్లీషులో కొట్టాడు. గడి చాలక గీత దాటి కింది దాకా వచ్చింది. తర్వాత అసలు ఫారం ఎక్కించి, వేళ్ళు మీటల మీద పెట్టి, "కొత్త పేరు చెప్పు," అన్నాడు.

"పాతదే వెయ్యి మామా."

"ఏం, రాజు ఏమయ్యాడు?"

"నలుగురున్నారుగా."

"ఖలాస్," అని ఆయన మెర్సర్ అని కొట్టాడు. రెండు గళ్ళ కాగితం మడిచి, ఇది మీ నాయనకియ్యి అని నా జేబులో పెట్టాడు. ముదీర్‌కు కదా పంపాలి అంటే, ఆయనకు నేను చెప్పుకుంటాలే అన్నాడు.

పెళ్ళయ్యాక నా పాస్‌పోర్టు ఫారం నేనే నింపుకున్నప్పుడు, అలాంటి గళ్ళు ఏ ఫారంలోనూ ఉండవని తెలిసింది. రెండు పేజీలూ వెనక్కీ ముందుకీ తిప్పి చూశాను. లేవు. ఎదుటివాడి ఆఖరి మాట వెనక ఇంకా ఏముందో పసిగట్టగలనని మురిసిపోయేవాణ్ణి, పదేళ్ళప్పుడు ఒక తెల్లకాగితం మీద గీసిన గీతలకు పడిపోయాను. అప్పటికి మామ నెల్లూరు వెళ్ళిపోయాడు, ఆ తర్వాత పోయాడని విన్నాను. అలాంటి డిక్షనరీ ఒకటి నేనూ కొన్నాను. మెర్సర్ అనే మాట కిందే, మధ్యలో ఇంకో మాట లేకుండా, దారపు రీలు మీది మాట ఉంది. మామ అంత నింపాదిగా చదివినవాడు, దాన్ని చూడకుండా ఎలా ఉంటాడు? చూసే ఉంటాడు. అది చెప్పే పని నాన్నకు వదిలేశాడు.

ఓదార్చడం నాకు ఇప్పటికీ చేతకాదు. ఎవరైనా పోయిన ఇంటికి వెళ్తే చేతులెక్కడ పెట్టుకోవాలో తెలియదు. కానీ నోరు పడిపోయినవాళ్ళను ఎలా ఉన్నారని అడగకూడదనీ, వాళ్ళకు మాత్రమే తెలిసిన ఒక చిన్న సంగతి ఏదో పని ఉన్నట్టు అడగాలనీ ఆ పూట నాకు తెలిసింది. అది నా దగ్గర ఉండిపోయింది.

కరోనా ఏడు, మూసిన కొట్లు మళ్ళీ తెరిచాక, మా పై అంతస్తులో ఉండే ఒకావిడ దుప్పటి గుడ్డ కోసం వచ్చింది. మా గోదావరి మనిషే, ఇళ్ళలో పని చేసుకునేది. నేను రెట్టింపు ధర చెప్పాను, అలవాటు. ఆవిడ సరే అంది. మా వైపు ఆడమనిషి బేరమాడకుండా సరే అంటే ఏదో జరిగిందన్నమాట. కొట్లో ఉన్న కుర్రాడు నా చెవిలో చెప్పాడు, ఆవిడ భర్త ఊళ్ళో పోయాడనీ, విమానాలు లేక చివరి చూపు ఫోన్‌లోనే చూసిందనీ. నేను గుడ్డ పక్కన పెట్టాను.

"మీ ఆయన పేరేంటమ్మా?"

చెప్పింది.

"ఆ పేరు ఎవరు పెట్టారు?"

"ఎందుకండీ?"

"తెలుసుకుందామని. ఎవరు పెట్టారు?"

ఆవిడ మాస్కు కాస్త కిందికి లాగి, "వాళ్ళ మేనత్తండీ," అంది. "ఆవిడకి పిల్లల్లేరండి. అందుకని ఈయన పుట్టినప్పుడు..."

స్టూలు ఆవిడ వైపు జరిపాను. ఇంతలో ఎవరో లోపలికి వచ్చి పట్టుగుడ్డ ఉందా అని అడిగారు. నా వెనక అర నిండా ఉన్నా, లేదన్నాను.