ఆరువందల పన్నెండు అంగలు

2011లో, తెలంగాణ కోసం సకల జనుల సమ్మె నడుస్తున్న రోజుల్లో, ఒక బంద్ నాడు, ఉదయం 6 గంటల 10 నిమిషాలకు దిల్‌సుఖ్‌నగర్ బస్సు డిపో ఎదుట మొదటి కొలత తీసుకున్నాను. మధ్యాహ్నం 1 గంట 40 నిమిషాలకు ఎల్.బి.నగర్ చౌరస్తా దగ్గర చివరి కొలత తీసుకున్నాను. మధ్య దూరం 3,889 మీటర్లు. నేల ఎత్తు కొలిచే యంత్రాన్ని అరవై ఎనిమిది చోట్ల నిలబెట్టాను. వాటిలో ముప్ఫై ఎనిమిదో చోటు నుంచి నలభై అయిదో చోటు వరకు, అంటే 10.35 నుంచి 11.23 వరకు జరిగినది మాత్రమే నాకు ఈనాటికీ అర్థం కాలేదు.

దయ్యాల మీద నాకు నమ్మకం లేదు. సర్వే ఇంజనీరుగా ఇరవై ఏళ్లకు పైగా పనిచేశాను. ఒక అంకె తప్పిందంటే యంత్రమో, మనిషో, ఎండో కారణమై ఉంటుందని, ఆ మూడింటిలో ఏదో తేల్చేదాకా లేవకూడదని నేర్చుకున్నవాణ్ని. చీకటి పడ్డ తర్వాత జరిగిన సంగతి అయితే కొట్టిపారేసేవాణ్ని. ఇది పట్టపగలు, నడిరోడ్డు మీద జరిగింది.

ముందుగా కాంబోడియా సంగతి చెప్పాలి.

అంతకు నాలుగేళ్ల క్రితం, మా కంపెనీ తరఫున పద్నాలుగు నెలలు ఆ దేశపు వాయవ్య ప్రాంతంలో పనిచేశాను. ఖ్మేర్ రూజ్ పాలనలో తవ్విన ఒక కాలువను బాగుచేయడానికి కొలతలు తీయడం నా బాధ్యత. పొడవు 9.2 కిలోమీటర్లు. గీత గీసినట్టు సూటిగా ఉంటుంది. అంత సూటిగా ఎందుకుందో మొదటి వారంలోనే తెలిసింది. నేల వాలు చూసి కాకుండా, పటం మీద ఉన్న గీత వెంబడి తవ్వించారు. అయిదో కిలోమీటరు దగ్గర నేల మీటరున్నర ఎత్తుకు లేస్తుంది. నీరు అక్కడే ఆగిపోయింది.

అక్కడ నాకు కొలబద్ద పట్టినవాడి పేరు సారుణ్. వయసు యాభై ఆరు. ఆ కాలువ తవ్వినవాళ్లలో ఆయనా ఒకడు.

ఆయన చెప్పినదాన్ని నేను నా మాటల్లో రాస్తున్నాను. అంతర్యుద్ధం అయిదేళ్లు నడిచింది. ఆకాశం నుంచి బాంబులు పడుతుంటే పల్లెల్లో కుర్రవాళ్లు ఖ్మేర్ రూజ్ పార్టీ వెంట అడవిలోకి పోయారు. 1975 ఏప్రిల్‌లో వాళ్లు రాజధానిలోకి వచ్చినప్పుడు, యుద్ధం అయిపోయిందని జనం వీధుల్లోకి వచ్చి చేతులూపారు. ఆ రోజే ఊరు ఖాళీ చేయమన్నారు. మూడు రోజుల్లో తిరిగి రావచ్చన్నారు. ఆసుపత్రి రోగులను మంచాలతో సహా తోసుకుంటూ పోయారు. ఆ మూడు రోజులు మూడేళ్ల ఎనిమిది నెలలయ్యాయి. డబ్బు రద్దయింది, బడులు మూతపడ్డాయి. పదిహేను నుంచి ఇరవై లక్షల మంది చనిపోయారంటారు. పార్టీ పేరు పలికేవారు కాదు, ‘సంస్థ’ అనేవారు. సంస్థ ఎవరినైనా ‘చదువుకు’ పిలిచిందంటే, ఆ మనిషి తిరిగి రాడు.

సారుణ్ లెక్కల ఉపాధ్యాయుడు. చదువుకున్నవాళ్లను బతకనివ్వడం లేదని కళ్లద్దాలు వాగులో పారేసి, రిక్షా తొక్కేవాణ్నని చెప్పుకుని బతికాడు. తండ్రి నీటిపారుదల శాఖలో చిన్న ఉద్యోగి. ‘నీళ్లు ఎగువకు ఎక్కవు’ అని కాలువ గట్టున ఒకసారి అన్నాడు. ఆ మర్నాడే ఆయనను చదువుకు పిలిచారు.

1977లో చెల్లెలు బోఫా, పదహారేళ్ల పిల్ల, ఆకలితో, జ్వరంతో ఆ కాలువ మీదే చనిపోయింది. సారుణ్ ఆమెను వీపున మోసుకుని, తూము దగ్గర నుంచి కట్ట వెంబడి నడిచి, కట్ట అడుగున పూడ్చాడు. గుర్తు పెట్టడానికి వీల్లేదు. అందుకని అంగలు లెక్కపెట్టాడు. ఆరువందల పన్నెండు. మనసులో లెక్కపెట్టుకుంటే ఎవరూ పట్టుకోలేరు గదా అన్నాడు నాతో. ముప్ఫై ఏళ్లు ఆ అంకెను రోజూ ఒకసారి తలచుకున్నాడు.

మేము కట్టను వెడల్పు చేయబోతున్నాం. యంత్రాలు వస్తే ఆ చోటు ఇరవై అడుగుల మట్టి కింద పడుతుంది. ఆయన నన్ను అడిగింది ఒక్కటే: ఆ చోటు కనిపెట్టమని.

నాకు అది సులభంగా తోచింది. ఆయనను యాభై అంగలు నడవమని కొలిచాను. 33.5 మీటర్లు. అంగకు 0.67. ఆరువందల పన్నెండుకు 410 మీటర్లు. అక్కడ మందుపాతరల భయం ఉంది కాబట్టి, ఎక్కడపడితే అక్కడ తవ్వనివ్వరు. ఇరవై మీటర్ల మేర మాత్రమే పాతరలు లేవని వెతికించి, తవ్వడానికి అనుమతి ఇచ్చారు. మూడు రోజులు తవ్వాం. ఏమీ దొరకలేదు. సారుణ్ గోతిలోకి చూస్తూ, ‘నా లెక్క తప్పయి ఉంటుంది ఇంజనీర్’ అన్నాడు. మర్నాటి నుంచి పనిలో మాట్లాడటం మానేశాడు. నేను ఆయన చెల్లెలిని వెతకబోయి, ఆయనకు మిగిలిన ఆ ఒక్క అంకెను కూడా పోగొట్టాననిపించింది.

నిధులు చాలక ఆ పని ఆగిపోయింది. నేను హైదరాబాద్ వచ్చేశాను. నాలుగేళ్ల తర్వాత, సమ్మె మొదలైన వారానికి, అక్కడి పాత సహోద్యోగి నుంచి మెయిల్ వచ్చింది. కట్ట పనికి మళ్లీ నిధులొచ్చాయి. వానలు తగ్గగానే, నవంబర్‌లో, తూము వైపు నుంచి యంత్రాలు దిగుతాయి. సారుణ్ బతికే ఉన్నాడు. ఆ చోటు గురించి ఇప్పుడేమీ అడగడం లేదు.

ఇక ఆ బంద్ రోజు.

మా వృత్తివాళ్లకు బంద్ అంటే వరం. మామూలు రోజున ఆ రోడ్డు మీద బస్సులు, ఆటోలు చూపుకు అడ్డుపడతాయి. వాననీటి కాలువ కోసం అడిగిన కొలతలు మూడు నెలలుగా పెండింగులో ఉన్నాయి. నేను, యాదగిరి తెల్లవారుతూనే బయలుదేరాం. యాదగిరిది నల్లగొండ దగ్గర పల్లె. గడ్డిఅన్నారంలో కిరాయికుంటాడు. ఒకప్పుడు అక్కడి పండ్ల మార్కెట్‌లో పనిచేసి, తర్వాత మా దగ్గర కొలబద్ద పట్టడానికి చేరాడు.

మా పని పద్ధతి కొంచెం చెప్పాలి. లెవెల్ యంత్రం అంటే మూడు కాళ్ల మీద నిలిపే దుర్భిణి. దానికి వెనుకా ముందూ సమాన దూరంలో కొలబద్దను నిట్టనిలువుగా పట్టాలి. ప్రతిసారీ టేపు లాగే తీరిక ఉండదు కాబట్టి కొలబద్ద పట్టేవాడు అంగలు లెక్కపెట్టుకుంటూ నడుస్తాడు. యాదగిరి లెక్క నలభై అంగలు. ఆగిన ప్రతిచోటా రోడ్డు మీద పసుపు చుక్క పెడతాడు. దుర్భిణి అద్దంలో మూడు అడ్డగీతలుంటాయి. మధ్య గీత నేల ఎత్తును చెబుతుంది. పై గీతకూ కింది గీతకూ ఉన్న తేడాను వందతో గుణిస్తే కొలబద్ద ఎంత దూరంలో ఉందో వస్తుంది. ఆ లెక్క సాయంత్రం ఇంట్లో చేస్తాం. రోడ్డు మీద చదివి, రాసుకోవడమే.

చైతన్యపురి దగ్గర కుర్రవాళ్లు ఆపారు. రోడ్డుకు అడ్డంగా పొయ్యిలు పెట్టి వంటా వార్పు చేస్తున్నారు.

“ఏందన్నా, బంద్ నాడు పని జేసుడేంది? రోడ్డు కొలిచి ఎవలికి అమ్ముతున్నరు?” అన్నాడు ఒకడు.

“వాన నీళ్లు ఎటు పోవాల్నో చూస్తున్నం తమ్మీ. నిరుడు మీ గల్లీలనే మోకాల్లోతు నిలవడ్డయి, మర్చినవా?” అన్నాడు యాదగిరి.

“నీళ్ల పనా? మనం కొట్లాడేదే నీళ్ల కోసం గదరా, ఇడ్సిపెట్టుండ్రి! కానీ ఉప్మా తినకుంట పోతే మాత్రం పోనియ్యం.”

తిన్నాం. నలభై నిమిషాలు అక్కడే గడిచాయి. కడుపు నిండా తిన్నానని ఇక్కడ చెప్పడానికి కారణం ఉంది. ఆ తర్వాత చూసినదానికి నీరసం కారణం కాదు. ఆ బంద్‌కూ, సారుణ్ చెప్పిన ఖాళీ నగరానికీ పోలిక లేదని కూడా నాకు తెలుసు. ఇక్కడ ఖాళీ రోడ్డు మీద పిలిచి అన్నం పెట్టారు.

ముప్ఫై ఎనిమిదో చోటు కొత్తపేట రైతుబజారు దాటాక. సమయం 10.35. దుర్భిణిలో చూశాను. కొలబద్ద వెనుక యాదగిరి లేడు. యాభై ఏళ్ల స్త్రీ ఉంది. పొట్టి మనిషి. చెవుల దాకా కత్తిరించిన నెరసిన జుట్టు. మెడ చుట్టూ, కాంబోడియా పల్లెల్లో అందరూ కట్టుకునేలాంటి ఎరుపు, తెలుపు గళ్ల గుడ్డ. రెండు చేతులతో కొలబద్ద పట్టుకుని నా వైపు చూస్తోంది. ముఖంలో కోపం లేదు, దుఃఖం లేదు. పనిలో ఉన్న మనిషి ముఖం.

నేను మూడు గీతలూ చదివి, పుస్తకంలో రాశాను. చెయ్యి అలవాటు కొద్దీ రాసింది. తర్వాత తలెత్తి కళ్లతో చూశాను. నీలం చొక్కాలో యాదగిరి ఉన్నాడు. మళ్లీ దుర్భిణిలో చూశాను. యాదగిరే.

“నీ పక్కకు ఎవరన్న ఆడమనిషి వచ్చిందా?” అని అరిచాను.

“బంద్ నాడు నా పక్కకు ఎవలొస్తరు సార్? మా ఇంట్లామెనే రాదు!”

ఎండ అనుకున్నాను. మిగతా పని చేశాను. ఆ స్త్రీ మళ్లీ కనిపించలేదు.

సాయంత్రం అయిదింటికి లెక్క వేయడానికి కూర్చున్నాను. నేల ఎత్తులు చక్కగా కుదిరాయి. మొత్తం మీద ఆరు మిల్లీమీటర్ల తేడా. దూరాలు మాత్రం కుదరలేదు. రోడ్డు 3,889 మీటర్లుంటే నా పుస్తకం 3,723 అంటోంది. తప్పు ఎక్కడుందో వెతికాను. అన్నిచోట్లా యాదగిరి నలభై అంగలు 28.6 మీటర్లకు కొంచెం అటూఇటూ వచ్చాయి. ముప్ఫై ఎనిమిది నుంచి నలభై అయిదు వరకు, ఎనిమిది చోట్ల, వెనుకా ముందూ పదహారు కొలతలు మాత్రం 18.2 మీటర్లు అంటున్నాయి. పదహారూ నా చేతిరాతే. ఒక్క కొట్టివేత లేదు.

ఆ ఆదివారం ఉదయం వెళ్లి పసుపు చుక్కలను టేపుతో కొలిచాను. 28.6. యాదగిరి మామూలుగానే నడిచాడు. నా పుస్తకంలో నడిచినది అతను కాదు.

“నలబై అంటే నలబయ్యే సార్,” అన్నాడు యాదగిరి. “మార్కెట్ల మామిడికాయలు లెక్కవెట్టినోన్ని, నాకు లెక్క తప్పుతదా? కానీ ఒక ముచ్చట చెప్తా, నవ్వొద్దు.”

“నవ్వ. చెప్పు.”

“గా రైతుబజార్ కాడికెల్లి జర దూరం కొలబద్ద బరువే తెల్వలే. ఇంకెవలో గూడ పట్టుకున్నట్టే ఉండె. భయమైతే గాలే. గని మనసంత ఎట్లనో అయింది.”

ఆ మాట విన్నాక 18.2ను నలభైతో భాగించాను. అంగకు 0.455 మీటర్లు. అది తిండి తిన్న మగవాడి అంగ కాదు. ఏడాదిగా గంజినీళ్ల మీద బతికి, వీపున ఒక మనిషిని మోస్తున్నవాడి అంగ. నేను 2007లో కొలిచినది, మూడు పూటలా తింటూ చేతులూపుకుంటూ నడుస్తున్న సారుణ్‌ను. ఆయన లెక్క తప్పలేదు. నా కొలత తప్పింది. ఆరువందల పన్నెండును 0.455తో గుణించాను. 278 మీటర్లు.

ఇంత చిన్న విషయం నాలుగేళ్లు నాకు తోచలేదంటే సిగ్గుగా ఉంది. బహుశా లోపల ఎక్కడో తోచి, అదే నా చేత ఆ అంకెలు రాయించిందేమో. అలాగైతే యాదగిరి మాట ఎటు పోవాలి? పదహారు చోట్ల మూడేసి గీతలు, మధ్య గీత చెడకుండా, పైదీ కిందిదీ సరిసమానంగా దగ్గరకు జరిపి, తెలియకుండా కల్పించడం నా చేతనవుతుందా? తర్వాత కూర్చుని ప్రయత్నించాను. నాలుగో కొలతకే తప్పాను.

నాలుగు రోజులు ఎవరికీ రాయలేదు. రెండోసారి కూడా గొయ్యి ఖాళీగా ఉంటే ఆ మనిషి ఏమవుతాడు? చివరికి 278 అనే అంకె, అంగ పొడవు గురించి నేను చేసిన పొరపాటు మాత్రమే రాశాను. దుర్భిణిలో చూసినది రాయలేదు.

యంత్రాలు రావడానికి తొమ్మిది రోజుల ముందు తవ్వారు. ఎముకలు దొరికాయి. ఆ రోజు మధ్యాహ్నం సారుణ్ ఫోన్ చేశాడు.

“ఇంజనీర్, నా లెక్క సరైనదే,” అన్నాడు. రెండుసార్లు అన్నాడు.

అప్పుడు ఆ స్త్రీ సంగతి చెప్పాను.

“బతికి ఉంటే చెల్లెలికి ఇప్పుడు యాభై,” అన్నాడు. “కానీ నా చేతులతోనే పూడ్చాను.” తర్వాత, “చిక్కిపోయి ఉందా?” అని అడిగాడు.

“లేదు. తిండి తింటున్న మనిషిలాగే ఉంది.”

“మంచిది,” అన్నాడు.

చనిపోయినవారికి వయసు పెరుగుతుందా? ఆమె ఆయన చెల్లెలే అయితే, రెండువేల ఏడువందల కిలోమీటర్ల దూరంలో, ఆయన దగ్గరికి కాక నా దగ్గరికి, కొత్తపేటకు ఎందుకు వచ్చింది? కాకపోతే ఆమె ఎవరు? ఆ గోతిలో ఒక్కరు లేరు, ముగ్గురున్నారు. తాను పూడ్చింది ఒక్క చెల్లెలినే అంటాడు సారుణ్. ఆ పుస్తకం ఇప్పటికీ నా దగ్గరే ఉంది. అంకెలు మారలేదు. ఎన్నిసార్లు చూసినా కారణం దొరకలేదు.

తెలిసినంతవరకు మొత్తం ఇది. కొత్త కట్టను పన్నెండు మీటర్లు పక్కకు జరిపారు, దానికి పని ఆరు రోజులు ఆలస్యమైంది. మొదటిసారి వృథాగా తవ్వినది మూడు రోజులు, నా పొరపాటు వల్ల పోయినవి నాలుగేళ్లు. సారుణ్ ఇంట్లో 1975లో ఏడుగురు, 1979లో ఒక్కరు. గోతిలో దొరికినవారు ముగ్గురు, ముగ్గురికీ కలిపి దహనం ఒకటి. వారిలో ఎవరు ఎవరో చెప్పగలిగినవారు లేరు.