గొంతు ముందు, మొహం తర్వాత

మదురైలో కోయంబత్తూరు బస్సెక్కేసరికి, పక్కసీటాయన ఫోనులో సినిమావాళ్ళతో తమిళంలో వాదిస్తున్నాడు. నేను ఇంటికి ఫోనుచేసి తెలుగులో మాట్లాడటం విని నావైపు తిరిగాడు.

“అన్నా, మీరూ మనోళ్ళేనా? చూడండి, వీళ్ళకి నా మొహం కావాలంట, గొంతు వద్దంట. నా తమిళంలో తెలుగు వాసనంట. వేరేవాడితో డబ్బింగు చెప్పిస్తారంట!”

అతను ఊళ్ళలో కూత్తు అనే తమిళ వీధినాటకాలాడే మనిషి. అది అతనికి మొదటి సినిమా. నేను బడికి పోకుండా వ్యాపారంలోనే లెక్కలు నేర్చినవాణ్ణి, లాభనష్టాలు చూసి చెప్పాను. “ఒప్పుకో తంబీ. మొహమైనా మిగులుతుంది.”

“మా కూత్తులో వేషగాడు ముందు తెర వెనక నిలబడి పాడతాడన్నా. గొంతు ముందు, మొహం తర్వాత. గొంతు లేని మొహాన్ని మా ఊర్లో కుక్క కూడా చూడదు!”

ఆ మాటే మళ్ళీ ఫోనుచేసి తమిళంలో వాళ్ళకూ చెప్పాడు. గొంతుతో కావాలంటేనే పిలవమని ఫోను పెట్టేసి, వాడిపట్టిలో దిగిపోయాడు. చేతికందిన సినిమా పోగొట్టుకున్నాడనుకున్నాను.

చాలా రోజుల తర్వాత కోయంబత్తూరు దగ్గర అవినాశిలో ఒక సినిమాకు వెళ్ళాను. తెరమీద మూసిన తలుపు. దాని వెనకనుంచి తెలుగు వాసన వేసే ఆ తమిళం. తలుపు తెరుచుకోకముందే లేచి నిలబడ్డాను. వెనకవాళ్ళు కూర్చోమని అరిచారు.

కూర్చోలేదు.