కారు వైఫైలో కుటుంబ ప్రార్థన

మా కారుకు వైఫై పెట్టించింది దేవుడి కోసం. నా మట్టుకైతే పెన్‌డ్రైవ్‌లో పాటలు చాలు. కానీ మా బంధువర్గంలో రోజూ సాయంత్రం ఏడింటికి వీడియో కాల్‌లో కుటుంబ ప్రార్థన జరుగుతుంది. నడిపించేది స్టేషన్ మాస్టరుగా రిటైరైన పెద్ద మామయ్య. ఆయన సర్వీసులో ఎన్ని రైళ్ళు ఆలస్యమయ్యాయో ఆ ప్రభువుకే తెలియాలి గానీ, ప్రార్థన మాత్రం ఏడంటే ఏడే. సరిగ్గా ఆ వేళకు నేను ఆఫీసు నుంచి వస్తూ, భుజం నొప్పికి ఫిజియోథెరపీ చేయించుకున్న అమ్మను రెజిమెంటల్ బజార్‌లో ఎక్కించుకుని, మెట్టుగూడలోని ఇంటికి ట్రాఫిక్‌లో దేకుతూ ఉంటాను. ఫోన్‌లో అందరి ముఖాలూ ఆవగింజల్లా ఉన్నాయని అమ్మ ట్యాబ్ తప్ప ఇంకోటి పట్టుకోదు. ఆ ట్యాబ్‌కు సిమ్ లేదు.

అందుకని ఆ బజారులోనే ఒక దుకాణంలో వేలెడంత డబ్బా కొన్నాం. దాంట్లో సిమ్ వేసి, స్టీరింగ్ పక్కన ఛార్జర్ పెట్టుకునే చోట గుచ్చితే కారంతా వైఫై వస్తుంది.

"చాంద్ మీద సుత పనిచేస్తది మేడం," అన్నాడు దుకాణం ఆయన.

పాస్‌వర్డ్ ఏం పెట్టమంటారని అడిగితే అమ్మ "స్తోత్రం" అని పెట్టించింది.

దేవుడి కోసం అన్నాను గానీ, అమ్మ ఒక్కరోజైనా ప్రార్థన మానకపోవడానికి అసలు కారణం పిన్ని. సైనిక్‌పురిలో ఉండే ఆ చెల్లెలికీ అమ్మకీ అప్పట్లో మాటల్లేవు. తాతయ్య సమాధి రాయి మీద ఏ వాక్యం చెక్కించాలో అమ్మను ఒక్క మాట అడక్కుండా పిన్ని చెక్కించేసింది. అంతే. అప్పటి నుంచి ఫోన్లు బంద్. పెళ్ళిళ్ళలో ఎదురుపడితే చెరో మూలకు పోయి బిర్యానీ తినేవాళ్ళు.

పోట్లాట మాత్రం ప్రార్థనలో సాగేది. మా వాళ్ళకు ఇదొక గొప్ప సౌకర్యం. ఎదుటి మనిషిని అనాల్సిందంతా కళ్ళు మూసుకుని దేవుడితో అనెయ్యొచ్చు. ప్రార్థన మధ్యలో అడ్డం మాట్లాడడం పాపం కాబట్టి ఆ మనిషి నోరు మూసుకుని వినాల్సిందే.

"ప్రేమగల తండ్రీ, పెద్దలను సంప్రదింపని హృదయములను సరిచేయుము," అని అమ్మ మొదలుపెట్టేది.

"దేవా, చిన్న విషయములను పట్టుకొని వేలాడువారికి నెమ్మది దయచేయుము," అని తన వంతు రాగానే పిన్ని అందుకునేది.

రెండింటికీ మేమందరం భక్తిగా ఆమెన్ కొట్టేవాళ్ళం. ఎవరి పక్షమని ఎవరూ అడిగేవారు కాదు.

ఇలా ఉండగా పిన్నికి గుండె ఆపరేషన్ అన్నారు. మర్నాడే ఆపరేషన్, పొద్దున్నే ఆసుపత్రిలో చేరాలనగా, అమ్మ కారెక్కుతూనే ట్యాబ్ ఒళ్ళో పెట్టుకుని నావైపు తిరిగింది.

"ఇయాల నేను చెల్లెకు సారీ చెప్త."

"ఫోన్ చేసి చెప్పరాదు?"

"నా ఫోన్ అది ఎత్తదే. ప్రార్థనల చెప్త, అప్పుడైతే ఇంటది." ట్యాబ్ అంచు తుడుస్తూ మెల్లగా అంది. "దానికేమన్న అయితే, గిట్ల మాటల్లేకుంటనే పోతే, నేనెట్ల బతుకుతనే?"

అమ్మ గొంతులో అంత భయం నేనెప్పుడూ వినలేదు. గేరు మార్చి బండి ముందుకు పోనిచ్చాను.

ఏడింటికి మామయ్య కీర్తన అయిపోగొట్టి, "చిన్నదాని కోసం ఇప్పుడు దాని అక్క ప్రార్థిస్తుంది," అన్నాడు. అందరూ కళ్ళు మూసుకున్నారు. కళ్ళు తెరిచి ప్రార్థించే అనుమతి మా వంశం మొత్తంలో డ్రైవరునైన నాకొక్కదానికే ఉంది. అమ్మ "ప్రేమగల తండ్రీ" అందో లేదో, కారు రైలు వంతెన కిందికి చేరి బస్సు వెనక ఆగిపోయింది. ట్యాబ్‌లో పిన్ని ముఖం బిగుసుకుపోయింది. ఆ తర్వాత ముఖాలన్నీ మాయమై చక్రం ఒకటి గిర్రున తిరగసాగింది. చంద్రుడి మీద పనిచేసే డబ్బా మెట్టుగూడ చేరకముందే ప్రాణం విడిచింది.

అమ్మకు తెలీదు. కళ్ళు మూసుకునే ఉంది. రెండు వాక్యాలయ్యాక ఆ గ్రాంథికం వదిలేసి మామూలు మాటల్లో పడిపోయింది.

"రాయిల ఏమున్నది తండ్రీ? నాకే పొగరు. చిన్నప్పుడు దానికి జడలేసింది నేనే. దాన్ని నాకు దూరం చెయ్యకు. నన్ను మాఫ్ చెయ్యమని దానికి నువ్వన్న చెప్పు."

ఆపుదామని నోరు తెరిచాను. ప్రార్థనలో మాట్లాడినందుకు చిన్నప్పుడు తిన్న మొట్టికాయలు గుర్తొచ్చి మూసుకున్నాను. నాకూ ఏడుపొచ్చింది. వెనక ఆటోవాడు హారన్ మీద నుంచి చెయ్యి తీయలేదు.

"ఆమెన్," అని అమ్మ కళ్ళు తెరిచి, తిరుగుతున్న చక్రాన్ని చూసింది.

"నెట్ పోయిందమ్మా. నువ్వు షురూ చేసినప్పుడే పోయింది."

అమ్మ ముక్కు తుడుచుకుంది. "పోనీ తియ్. దేవుడైతే విన్నడు గద."

నాకు ఒళ్ళు మండింది. "దేవునికి రేపు ఆపరేషన్ లేదు. పిన్నికున్నది. తన కోసం ప్రార్థన చెయ్యమంటే అక్క కాల్ కట్ చేసింది అనుకుంటది."

అమ్మ ముఖం పాలిపోయింది. వంతెన దాటాక నా ఫోన్ నుంచి చేస్తే పిన్ని ఎత్తింది. "మీ అమ్మను తక్లీఫ్ పడొద్దని చెప్పు బిడ్డా," అని ఠక్కున పెట్టేసింది. ఇంటికి పోయే సందు వచ్చినా మలుపు తీసుకోకుండా కారును సైనిక్‌పురి వైపు పోనిచ్చాను.

హారన్ కొడితే పిన్ని గేటు దగ్గరికి వచ్చింది, ఆసుపత్రికి సర్దుతున్న చీర చేతిలోనే ఉంది. కారులో డబ్బా సిగ్గూ శరం లేకుండా ఫుల్ సిగ్నల్ చూపిస్తోంది. అమ్మ గేటు ఇవతలే నిలబడిపోయింది. అలవాటు కొద్దీ చేతులు జోడించి, కళ్ళు మూసుకుని, "ప్రేమగల తండ్రీ," అని మొదలుపెట్టింది.

మా ఇంటి చరిత్రలో మొదటిసారి, పిన్ని ప్రార్థనకు అడ్డం మాట్లాడింది.

"కండ్లు తెరువక్కా. నాకే చెప్పు."

అమ్మ కళ్ళు తెరిచింది. చెల్లెలి ముఖంలోకి చూసింది.

"నాయిన రాయి మీద వాక్యం మంచిదే పెట్టినవ్ చెల్లే," అంది.

పిన్ని ఏడుస్తూనే గేటు గడియ తీసింది. అమ్మ ఆమె చెయ్యి పట్టుకుని లోపలికి నడుస్తూ, "అక్షరాలే జెర చిన్నగ కొట్టించినవ్," అంది.