అరువు టైర్లతో వచ్చిన ఎఫ్.సి.

పొద్దున్నుంచి షెడ్డులో నా వ్యాను అడుగుకు నల్ల పెయింటు కొడుతున్నారు. డీజిలుతో కడిగిన ఇనుము మీద ఆ పెయింటు పడితే గొంతు పట్టే ఘాటు వాసన వస్తుంది. ఆ వాసన తగిలితే చాలు, నాకు సుబ్బక్క గుర్తొస్తుంది. ఆమెతో పాటు కోపమూ వస్తుంది.

తొంభైల చివర్లో ముదిగుబ్బ నుంచి నల్లమాడకు తిరిగే సర్వీసు జీపుకు నేను డ్రైవర్ని. జీపు సుబ్బక్కది. గొర్రెల మంద అమ్మి కొనుక్కుంది. ఆమెకు స్టీరింగు పట్టడం రాదు గానీ, బండి గురించి ఉన్నన్ని అనుమానాలు ఏ మెకానిక్కుకీ ఉండవు. బాడుగకు తిరిగే బండిని ఏటా రవాణా ఆఫీసుకు తీసుకెళ్లి, బ్రేక్ ఇన్‌స్పెక్టరుకు చూపించి, తిరగడానికి యోగ్యమేనని కాగితం తెచ్చుకోవాలి. దాన్నే ఎఫ్.సి. అంటాం. దానికి వెళ్లే ముందే బండి అడుగుకు ఇలా నల్ల పెయింటు కొట్టిస్తాం. మిగతా ఓనర్లు గడువు రేపనగా మేలుకుంటారు. ఈమె నెల ముందు నుంచే నా ప్రాణం తీసేది. లైట్లు వెయ్యమనేది, ఆర్పమనేది, మళ్లీ వెయ్యమనేది. సరైన వాన చూసి మూడేళ్లయిన ఊళ్లో, వైపర్లు ఆడటం లేదని ఒక పూట బండి ఆపించింది.

"వానే లేదు కదక్కా, వైపర్‌తో ఏం పని?" అన్నాను.

"వాన నీకు చెప్పి వస్తాదా?" అంది.

ఒకరోజు చెరువు కట్ట ఎక్కే ఏటవాలులో జీపు నిలిపించి, హ్యాండ్ బ్రేకు లాగి దిగమంది. నేను దిగేలోపే వెనక చక్రానికి పల్లం వైపున చతికిలబడి కూర్చుంది.

"లెయ్ అక్కా, నీకు దండం పెడతా."

"నీ బ్రేకు మీద నీకే నమ్మకం లేకపాయ. ఎక్కేవాళ్లకు యాడనుంచి వస్తాదప్పా?"

జీపు కదల్లేదు. ఆమె కూడా ఒక పట్టాన కదల్లేదు. ఇలాంటి మనిషి దగ్గర ఎవరు పనిచేస్తారు చెప్పండి?

ఆ ఏడు వెనక టైర్లు రెండూ నున్నగా అరిగిపోయాయి. "కొత్తవి ఏసినంక ఎఫ్.సి.కి పోదాం, అంతవరకూ బండి నిలబెట్టు" అంది. అది శనక్కాయ పీకే కాలం, జీపుకు మనుషులు తేనెటీగల్లా ముసిరే రోజులు. బండి కదిలితేనే నాకు కూలి. మా ఆవిడకు నెలలు నిండుతున్నాయి. అందుకని సుబ్బక్కకు చెప్పకుండా, నాతోటి డ్రైవరు బాషా జీపు టైర్లు అడిగి బిగించుకుని అనంతపురం వెళ్లాను. పెళ్లికి పక్కింటివాళ్ల నగలు పెట్టుకున్నట్టు, ఎఫ్.సి.కి టైర్లు అరువు తెచ్చుకోవడం మా స్టాండులో మామూలే. పాసైంది. కాగితం ఆమె చేతిలో పెట్టాను. అంతలోనే బాషా జాకీ పట్టుకుని టైర్లు విప్పుకోవడానికి వచ్చాడు.

ఆమె అతన్ని చూసింది, కాగితాన్ని చూసింది. "ఆ సారు చూసినది బాషా టైర్లు. మన జీపును ఇంగా చూడలేదు."

"అందరూ ఇట్లనే చేస్తారక్కా."

"చేస్తే చేయనీ. పొద్దున్నే మళ్లా పోదాం."

పాసైన బండిని ఫెయిలు చెయ్యమని అడగడానికి వెళ్లినవాళ్లు ఈ జిల్లాలో మేమిద్దరమే అయ్యుంటాం. "నాకు వేరే పని లేదనుకున్నావా తల్లీ?" అని ఇన్‌స్పెక్టరు తల పట్టుకున్నాడు. "వంగి చూసి రాయండి సార్" అంది. చూశాడు. కాగితం వెనక్కి తీసుకున్నాడు. జీపు రెండు వారాలు ఆమె వాకిట్లో నిలబడింది. స్టాండులో నన్ను చూసి నవ్వనివాడు లేడు. తాళంచెవి ఆమె చేతిలో పెట్టి, "నీ జీపు నువ్వే తోలుకో" అని వచ్చేశాను.

కొత్త టైర్లు పడ్డాక సుబ్బక్క జీపును దినకూలి డ్రైవర్లు తోలేవాళ్లు. నేను ఇంకో ఓనరు దగ్గర చేరాను. ఆయన బండికి కాగితాలు చక్కగా ఉండేవి. టైర్లు ఎలా ఉన్నాయని నేను అడగలేదు, ఆయన చెప్పలేదు. కూలి మాత్రం ఏ రోజుకారోజు చేతిలో పడేది.

బిడ్డ పుట్టిన మూడో నెలలో మా ఆవిడనూ బిడ్డనూ నల్లమాడలోని పుట్టింటి నుంచి తీసుకురావాలి. జీపు అత్తగారింటి ముందు ఆపాను. బిడ్డతో ఆమె ఒక కాలు పైకి పెట్టింది. నా చూపు నున్నగా అరిగిన వెనక టైరు మీద పడింది.

"దిగు. ఎనకాల సుబ్బక్క జీపు వస్తాది, దాంట్లో రా."

"నువ్వు తోలే జీపుండగా ఇంగోదాంట్లో ఏంటికి రావల్ల?"

"దిగు" అన్నాను మళ్లీ. ఆమె దిగింది. ఆ చోటులో ఇంకో తల్లి, ఒళ్లో బిడ్డతో, సర్దుకుని కూర్చుంది. నేను బండి తోలాను.

దారిలో ఏమీ కాలేదు. మరునాడే వెళ్లి సుబ్బక్కను తాళంచెవి అడిగాను. ఆమె ఏమీ అడగకుండా ఇచ్చి, హారను సరిగా మోగడం లేదని మొదలుపెట్టింది. ఇంకో పదేళ్లు, జీపు అమ్మేదాకా, అలాగే నన్ను సతాయించింది. ఆమె ఇప్పుడు లేదు. నా వ్యానులో బడిపిల్లలు తిరుగుతున్నారు.

ఆ రోజు నేను నా బిడ్డ ఒక్కదాన్నే దించుకున్నాను. ఇన్నేళ్లయినా ఆ సిగ్గు పోలేదు.